డిక్రీ ఒకరిది, దింపు ఒకరిది

అమలాపురంలోనో రాజోలులోనో నరసాపురంలోనో సివిల్ కోర్టు బయట టీ కొట్టు దగ్గర కాసేపు నిలబడితే చాలు, ఈ మాట చెవిన పడుతుంది: "అప్పీలు పడేశాం కదండీ, ఇంక అమీనా ఎలా వస్తాడు?" వస్తాడు. నిక్షేపంగా వస్తాడు, తాళం పగలగొట్టే ఆర్డరుంటే తాళం పగలగొట్టి మరీ స్వాధీనం ఇప్పిస్తాడు. అమీనా అంటే డిక్రీని, అంటే సివిల్ దావాలో కోర్టు ఇచ్చిన తీర్పు ఆదేశాన్ని, అమలు చెయ్యడానికి కోర్టు పంపే ఉద్యోగి. సివిల్ ప్రొసీజర్ కోడ్‌లో, అందరూ సీపీసీ అనే పుస్తకంలో, ఆర్డర్ 41 రూల్ 5 ఈ సంగతిని దాచకుండానే చెప్పింది. అప్పీలు వేసినంత మాత్రాన డిక్రీ అమలు ఆగదు. ఆపమని విడిగా అడగాలి, ఆపడానికి తగిన కారణం చూపాలి, కోర్టు ఆపమంటేనే ఆగుతుంది. అప్పీలు నంబరైతే సగం గెలిచినట్టేననుకుని ఇంటికెళ్ళి పడుకున్నవాళ్ళకి తెల్లారేసరికి గట్టు మీద అమీనా, పక్కన వీఆర్వో, వెనకాల డిక్రీదారు, అంటే దావా గెలిచినవాడు, కనిపించిన సందర్భాలు తక్కువేం కాదు.

ఒక ఉదాహరణ అనుకుందాం. కోనసీమలో ఎకరంన్నర కొబ్బరి తోట, అన్నదమ్ముల పిల్లల మధ్య పేచీ. ఏళ్ళ తరబడి నలిగి నలిగి దావా చివరికి డిక్రీ అయింది, ప్రతివాది తోట ఖాళీ చేసి వాదికి స్వాధీనం చెయ్యాలని. తోట మాత్రం ఇంకా ప్రతివాది చేతిలోనే ఉంది. రెండు నెలలకోసారి చెట్ల నుంచి కాయలు దింపుతారు, అదే దింపు, దింపుకిన్ని కాయలు, అంబాజీపేట మార్కెట్లో ధర బాగున్న ఏడాదైతే పిల్లాడి కాలేజీ ఫీజు అందులోంచే వెళ్ళిపోతుంది. డిక్రీ అమలు ఆరు నెలలు ఆగితే మూడు దింపులు, మూడేళ్ళు ఆగితే ఎన్నో లెక్క మీరే వేసుకోండి. వరి చేనైతే ఏడాదికి రెండు పంటలు, సార్వా ఒకటి, దాళ్వా ఒకటి. అందుకే డెల్టాలో స్టే పిటిషన్, అంటే అమలు ఆపమని అడిగే పిటిషన్, పైకి చట్టం గొడవలా కనిపించినా లోపల నడిచేది ఒకటే లెక్క: అప్పీలు తేలేదాకా ఈ ఫలసాయం ఎవరు తినాలి, తిన్నవాడు రేపు ఓడిపోతే అతని చేత ఎలా కక్కించాలి. స్టే ఇచ్చే కోర్టు చూసేదీ దాదాపు ఇదే. ఇది పట్టించుకోకుండా "మాకు కింది కోర్టులో అన్యాయం జరిగింది" అని పదిహేను పేజీల అఫిడవిట్ రాసుకొచ్చేవాళ్ళే ఎక్కువ.

ముందసలు ఆపడానికి ఏదైనా ఉందా అని చూసుకోవాలి. విచిత్రంగా అనిపిస్తుంది గానీ, చాలామంది ఇక్కడే తప్పులో కాలేస్తారు. దావా వేసినవాడి దావానే కొట్టేశారనుకోండి, అందులో అవతలివాడు అమలు చేసుకునేదంటూ ఏమీ ఉండదు, మహా అయితే ఖర్చులు. మరి ఆ తీర్పు మీద స్టే తెచ్చుకుంటే ఏం ఆగుతుంది? ఏమీ ఆగదు. చేను తన చేతిలో ఉండి, అవతలివాళ్ళు అందులోకి రాకూడదని వేసిన ఇంజంక్షన్ దావా పోయి, అవతలివాళ్ళు చేలోకి దిగుతారన్న భయం ఉంటే అప్పీల్లో అడగాల్సింది స్టే కాదు, ఆర్డర్ 39 కింద కొత్తగా తాత్కాలిక ఇంజంక్షన్. అలాగే ఉత్తి హక్కు ప్రకటన డిక్రీ, అంటే ఈ ఆస్తి ఫలానావారిదని చెప్పి ఊరుకున్న డిక్రీ అయితే, దానికీ అమీనాతో పని లేదు. స్టే అవసరమయ్యేది స్వాధీనం ఇమ్మన్న డిక్రీకి, పంపకాల్లో ఫైనల్ డిక్రీకి, డబ్బు డిక్రీకి, కట్టిన గోడ తియ్యమన్న లాంటి డిక్రీకి.

శాశ్వత ఇంజంక్షన్ డిక్రీ సంగతి కొంచెం తిరకాసు. దాన్ని స్టే చేస్తే ఓడినవాడు రేపు పొద్దున్నే చేలో నాగలి పెట్టొచ్చని అర్థం వస్తుంది కాబట్టి కోర్టులు వెనకాడతాయి, ఎక్కువగా "స్టేటస్ కో" అంటే ఉన్నది ఉన్నట్టు ఉంచమని సరిపెడతాయి. ఈ స్టేటస్ కో అనే రెండు ముక్కలు పల్లెటూళ్ళలో తెచ్చిపెట్టే గొడవ ఇంతా అంతా కాదు. ఉన్నది ఉన్నట్టు అంటే ఎవరున్నట్టు? ఇద్దరూ తామే స్వాధీనంలో ఉన్నామంటారు, ఇద్దరూ ఆ ఆర్డరు జిరాక్స్ పట్టుకుని ఒకే స్టేషన్‌కి వెళ్తారు, ఎస్సై ఇద్దరికీ ఇది సివిల్ మేటర్ బాబూ అని చెప్పి పంపేస్తాడు. ఆర్డరు అడిగేటప్పుడే ఎవరి స్వాధీనం, ఏ తేదీ నాటికి, దింపు ఎవరు తియ్యాలి అన్నది స్పష్టంగా రాయించుకుంటే ఈ తలనొప్పి సగం తగ్గుతుంది.

ఇక టైము. అప్పీలు జిల్లా స్థాయి కోర్టులో వెయ్యాల్సిందైతే 30 రోజులు, హైకోర్టుకైతే 90 రోజులు. హైకోర్టంటే 2019 జనవరి 1న విడిగా ఏర్పడి, ఇప్పుడు అమరావతిలో నేలపాడు దగ్గర ఉన్నదే. సర్టిఫైడ్ కాపీ కోసం పట్టిన రోజులు ఇందులోంచి తీసేస్తారు, కానీ ఈ తీసివేతను గుడ్డిగా నమ్ముకోకూడదు. కాపీకి దరఖాస్తు పెట్టిన రోజు నుంచే ఆ లెక్క మొదలవుతుంది. తీర్పు వచ్చాక నెలరోజులు ఆగి అప్పుడు దరఖాస్తు పెడితే ఆ నెల మీ ఖాతాలోనే పడుతుంది. కాపీకి కావాల్సిన స్టాంపులు ఇమ్మని ఆఫీసువాళ్ళు పిలిచాక కట్టకుండా నానబెట్టిన రోజులకీ మినహాయింపు దొరకదు. కాపీ వెనకాల ఈ తేదీలన్నీ ముద్ర వేసి ఉంటాయి, అవతలి లాయరు మొట్టమొదట తిప్పి చూసేది ఆ వెనక పేజీనే.

అప్పీలు వేసేలోపు జరిగే ఈ కొద్ది రోజులే అసలు ప్రమాదం, దీనికి చట్టంలోనే ఒక దారి ఉంది, ఎందుకో మనవాళ్ళు దాన్ని సరిగా వాడుకోరు. రూల్ 5లోనే రెండో భాగం ప్రకారం, అప్పీలు గడువు తీరకముందు, డిక్రీ ఇచ్చిన కోర్టునే అమలు ఆపమని అడగొచ్చు. అంటే ఓడిన మర్నాడే అదే జడ్జి గారి ముందు పిటిషన్ పెట్టి, అప్పీలు వేసుకునేదాకా ఊపిరి పీల్చుకోనివ్వండి అని అడగడం. ఇచ్చిన తీర్పుని ఆయనే ఎందుకు ఆపుకుంటాడు అని నవ్వేవాళ్ళున్నారు. తీర్పు తప్పనడం కాదిది, పైకోర్టుకి వెళ్ళే వ్యవధి అడగడం మాత్రమే. కాపీలు ఇంకా చేతికి రాలేదని, గడువులో ఇంకా ఇన్ని రోజులున్నాయని చూపిస్తే నాలుగు వారాలు దొరకడం పెద్ద కష్టమేం కాదు. డిక్రీ వేరే కోర్టుకి అమలు కోసం బదిలీ అయితే, కాకినాడ డిక్రీ భీమవరంలో అమలు చేస్తున్నారనుకోండి, భీమవరం కోర్టు కూడా ఆర్డర్ 21 రూల్ 26 కింద కొద్ది రోజులు ఆగొచ్చు, కాకినాడ వెళ్ళి స్టే తెచ్చుకోమని. అంతకుమించి ఆ కోర్టు తీర్పులోని మంచిచెడ్డల జోలికి పోదు. అమలు చేసే కోర్టు డిక్రీని దాటి వెనక్కి తొంగి చూడకూడదన్నది పాత సూత్రం.

స్టే ఇవ్వాలంటే కోర్టు మూడు సంగతుల్లో తృప్తి పడాలి. ఆపకపోతే అడిగినవాడికి గట్టి నష్టం జరుగుతుందా, ఆలస్యం చెయ్యకుండా వచ్చాడా, డిక్రీకి హామీ ఇస్తాడా. చదవడానికి సులువుగానే ఉంటాయి గానీ ఒక్కొక్కదాని మీద కేసులు పల్టీ కొడుతుంటాయి.

గట్టి నష్టం అంటే మామూలు నష్టం కాదు. స్వాధీనం పోతుంది, ఊళ్ళో పరువు పోతుంది అన్నవి ఓడిన ప్రతివాడికీ ఉండేవే, డిక్రీ అంటేనే అది. మళ్ళీ సరిచెయ్యలేని నష్టం ఏమిటో చూపించాలి. డెల్టాలో దీనికి మంచి ఉదాహరణలు కళ్ళముందే ఉన్నాయి. స్వాధీనం తీసుకున్నవాడు ముప్పై ఏళ్ళ కొబ్బరి చెట్లు కొట్టేసి ప్లాట్లు వేస్తే, రేపు అప్పీలు గెలిచినా ఆ తోట తిరిగి రాదు. భీమవరం, నరసాపురం వైపు వరి చేను తవ్వి చెరువు చేసి రొయ్యలకి ఇచ్చేస్తే, ఉప్పునీళ్ళు తాగిన నేల మళ్ళీ వరికి వచ్చేసరికి తల ప్రాణం తోకకొస్తుంది. ఉంటున్న ఇల్లే కూల్చమని డిక్రీ అయితే ఇంక చెప్పక్కర్లేదు. ఇలాంటివి అఫిడవిట్‌లో రెండు పేరాల్లో సూటిగా రాసి, పక్క చేను ఇప్పటికే చెరువైందని ఫోటో పెడితే, న్యాయశాస్త్రం మీద పది పేజీలు రాసినదానికన్నా బలంగా ఉంటుంది. అవతలివాడు అమ్మేస్తాడేమో అన్న భయం ఒక్కటే అయితే దానికి అంత బరువు ఉండదు, ఎందుకంటే కేసు నడుస్తుండగా కొన్నవాడికి ఆస్తి బదిలీ చట్టం సెక్షన్ 52 ప్రకారం కేసు ఫలితమే అంటుకుంటుంది.

ఆలస్యం సంగతిలో చాలామందికి తెలియని ఒక తలుపు మూత ఉంది. అప్పీలే గడువు దాటి వేస్తే, ఆలస్యం మన్నించమని పిటిషన్ కూడా పెట్టాలి కదా, ఆర్డర్ 41 రూల్ 3ఏ ప్రకారం ఆ పిటిషన్ తేలి, అప్పీలు వినదగ్గదేనని కోర్టు నిర్ణయించేదాకా స్టే ఇవ్వకూడదు. ఇవ్వకపోవచ్చు అనలేదు, ఇవ్వకూడదు అనే ఉంది. నాలుగొందల రోజులు ఆలస్యంగా అప్పీలు వేసి, అదే రోజు స్టే రావాలని లాయరు మీద కూర్చునే క్లయింటుకి ఈ ముక్క ముందే చెప్పాలి. ఆలోగా ఈపీ, అంటే డిక్రీ అమలు దరఖాస్తు, తన దారిన తాను నడుస్తూనే ఉంటుంది.

ఎక్స్‌పార్టీ డిక్రీలది, అంటే ప్రతివాది కోర్టుకి రానప్పుడు ఇచ్చేసే డిక్రీలది, ఇంకో రకం కథ. కోనసీమ నుంచి కువైట్, మస్కట్ వెళ్ళినవాళ్ళు ఇంటింటికీ ఉన్నారు. సమన్లు ఇంటి తలుపుకి అంటించి పోయి ఉంటాయి, ముసలి తల్లికి చదువు రాదు, వీళ్ళు రానందుకు డిక్రీ అయిపోతుంది. తెలిసేసరికి ఈపీలో నోటీసు. అక్కడ ఆర్డర్ 9 రూల్ 13 కింద ఆ డిక్రీ రద్దు చెయ్యమని 30 రోజుల్లో అడగాలి. సమన్లు సరిగా అందకపోతే డిక్రీ సంగతి తెలిసిన రోజు నుంచి ఆ 30 రోజులు. దానితోపాటే అమలు ఆపమని ఇంకో పిటిషన్. రద్దు పిటిషన్ ఒక్కటే వేసి ఊరుకుంటే ఇక్కడా కథ అదే, పిటిషన్ పెండింగ్‌లో ఉందని అమీనా ఆగడు.

హామీ. ఇది ఎక్కువసేపు మాట్లాడుకోవాల్సిన భాగం, ఎందుకంటే స్టే నిలవడమా కూలడమా అన్నది ఇక్కడే తేలుతుంది. డబ్బు డిక్రీ అయితే నియమం సూటిగానే ఉంది, డిపాజిట్ చెయ్యాలి లేదా హామీ చూపాలి, మామూలుగా మొత్తంలో కొంత భాగం కట్టమంటారు. డబ్బు డిక్రీ కోసం స్థలం వేలానికి వస్తుంటే, అప్పీలు పెండింగ్‌లో ఉన్నప్పుడు ఆర్డర్ 41 రూల్ 6 కింద వేలం ఆపమని అడగొచ్చు, అక్కడా షరతులుంటాయి. వేలం అయిపోయినా సరే, 60 రోజుల్లో ఆర్డర్ 21 రూల్ 89 కింద ప్రకటనలో ఉన్న బాకీ మొత్తం, కొన్నవాడికి పాట సొమ్ము మీద 5 శాతం కలిపి కట్టేస్తే వేలం రద్దవుతుంది. ఆస్తి పోయిందని నెత్తి కొట్టుకునేవాళ్ళలో ఈ సంగతి తెలిసినవాళ్ళు తక్కువ.

స్వాధీనం డిక్రీల్లో హామీ అంటే ఏమిటన్నదానికి 2004 డిసెంబర్లో సుప్రీంకోర్టు ఆత్మారామ్ ప్రాపర్టీస్ కేసులో తేల్చి చెప్పింది. అది ఢిల్లీలో ఒక అద్దె ఆస్తి ఖాళీ చేయించే కేసు. ఖాళీ చెయ్యమన్న డిక్రీ వచ్చాక కూడా అద్దెదారు స్టే పట్టుకుని పాత అద్దే కడతానంటే కుదరదంది. డిక్రీ వచ్చిన రోజు నుంచి ఆ ఆస్తి మార్కెట్‌లో ఎంత సంపాదించగలదో దాని ప్రకారం కట్టమని స్టే ఇచ్చే కోర్టు షరతు పెట్టొచ్చంది. పొలాలకి అదే లెక్క అన్వయిస్తే మార్కెట్ ధరంటే మక్తాయే, అంటే కౌలు. ఎకరాకి సార్వాకిన్ని బస్తాలు, దాళ్వాకిన్ని బస్తాలు అని ఊళ్ళో చిన్నపిల్లాడికి కూడా తెలుసు. కొబ్బరి తోటైతే ఏడాదికి ఎంతకి కౌలు పోతోందో పక్క తోట చూసి చెప్పొచ్చు. స్టే అడిగేవాడు ఆ అంకె తనే ముందుగా చెప్పి, ఇంత కడతాను, ప్రతి పంటకీ ఫలానా తేదీలోగా కోర్టులో జమ చేస్తాను అని రాస్తే కోర్టుకి నమ్మకం కుదురుతుంది. ఏమీ కట్టకుండా తోట తింటాను, స్టే కూడా కావాలి అనేవాడికి నాలుగు వారాల తాత్కాలిక స్టే దొరకొచ్చు గానీ, అవతలివాడు లాయర్ని పెట్టుకుని వచ్చిన రోజు అది నిలబడటం కష్టం.

డబ్బే కట్టాలని లేదు. స్థలం తాకట్టు పెట్టొచ్చు, జామీనుదారుని చూపొచ్చు. మరీ పేచీ ఎక్కువగా ఉంటే కోర్టు తన తరఫున ఆస్తి చూసుకునే రిసీవర్ని వేస్తుంది, ఆయన దింపులు వేలం వేసి సొమ్ము కోర్టులో జమ చేస్తాడు, ఇద్దరూ చూస్తూ కూర్చుంటారు. నిజం చెప్పాలంటే ఇద్దరికీ ఇది చేదు మాత్రే, రిసీవర్ ఖర్చులు పోను చేతికొచ్చేది తక్కువే, అందుకని రిసీవర్ పిటిషన్ పడగానే రెండు వైపులా లాయర్లు మాట్లాడుకుని ఏదో ఒక అంకెకి ఒప్పుకోవడం తరచుగా జరిగేదే. డబ్బుతోపాటు ఇంకొన్ని షరతులు కూడా పడతాయి. చెట్లు కొట్టకూడదు, చెరువు తవ్వకూడదు, అమ్మకూడదు, ఇంకొకరికి కౌలుకివ్వకూడదు. డిక్రీదారు ఈ షరతులు అడగాలి, అడగనిదే కోర్టు తనంతట తానుగా అన్నీ రాయదు.

డిక్రీదారు వైపు నుంచి చూస్తే మొదటి పని స్టే రాకముందే చెయ్యాలి. కేవియట్. సీపీసీ సెక్షన్ 148ఏ కింద కేవియట్ వేసి, అవతలివాళ్ళకి కాపీ రిజిస్టర్డ్ పోస్టులో పంపితే, తనకి నోటీసివ్వకుండా స్టే పిటిషన్ వినకూడదు. దాని ప్రాణం 90 రోజులు, తర్వాత మళ్ళీ వెయ్యాలి. అప్పీలు వెళ్ళేది జిల్లా కోర్టుకైతే అక్కడ, హైకోర్టుకైతే అక్కడ, అనుమానముంటే రెండు చోట్లా వెయ్యడం మంచిది. గెలిచిన ఊపులో ఈ పని మర్చిపోయి, ఈపీ వేసి, స్వాధీనం రోజున పందిరి కూడా వేయించుకున్నాక అవతలివాడు స్టే కాగితం తీసి చూపిస్తే అప్పుడు లాయర్ని తిట్టి ఏం లాభం.

ఇక్కడ ఒక టెన్షన్ పెట్టే సందర్భం ఉంది. పైకోర్టు సాయంత్రం నాలుగింటికి స్టే ఇచ్చింది, అమీనా మర్నాడు పొద్దున్నే బయల్దేరుతున్నాడు. స్టే ఎప్పటి నుంచి పనిచేస్తుంది? కింది కోర్టుకి తెలిసినప్పటి నుంచి. 1967లో ముల్‌రాజ్ కేసులో సుప్రీంకోర్టు ఇదే చెప్పింది, స్టే సంగతి తెలియని కోర్టు ఈలోగా చేసిన పని చెల్లకుండా పోదని. ఆ పనిని వెనక్కి తిప్పే అధికారం సెక్షన్ 151 కింద ఆ కోర్టుకే ఉందని కూడా చెప్పింది గానీ, అది మళ్ళీ ఇంకో పిటిషన్, ఇంకో ఆరు నెలలు. 1976 సవరణలో దీనికి ఒక వెసులుబాటు వచ్చింది. స్టే వచ్చిందని అప్పీలుదారు తన సొంత ఎరుకతో ప్రమాణం చేసి అఫిడవిట్ ఇస్తే, అసలు ఆర్డరు వచ్చేదాకా కింది కోర్టు దాన్ని బట్టి ఆగాలి. సొంత ఎరుక అన్న మాట గమనించాలి. లాయరు ఫోన్ చేసి చెప్పాడట అని రాస్తే సరిపోదు. అందుకే స్టే హియరింగ్ రోజున పార్టీ కోర్టు హాల్లో ఉండటం, ఆర్డరు చెప్పగానే అక్కడి నుంచి బయల్దేరి మర్నాడు పదిన్నరకల్లా అమలాపురం కోర్టు గుమ్మం ముందుండటం ఇవన్నీ చాదస్తాలు కావు. గట్టు మీద నిలబడి అమీనాకి వాట్సాప్‌లో చూపిస్తే ఆయన ఆగొచ్చు, ఆగకపోవచ్చు, ఆయన తలొగ్గేది తన కోర్టు మాటకి. తెలిసి తెలిసి ముందుకెళ్తే మాత్రం కోర్టు ధిక్కారం అవుతుంది.

స్టే వచ్చాక నిద్రపోయేవాళ్ళ కోసం ఇంకో రెండు సంగతులు. 2018లో ఏషియన్ రీసర్ఫేసింగ్ కేసులో సుప్రీంకోర్టు, విచారణల మీద ఇచ్చిన స్టేలు ఆరు నెలలు దాటితే పొడిగించకపోతే వాటంతటవే పోతాయంది. ఇప్పటికీ టీ కొట్టు దగ్గర "ఆరు నెలలైతే స్టే పోద్ది" అనే మాట దాని తోకే. 2024 ఫిబ్రవరి 29న అయిదుగురు జడ్జీల బెంచి అది సరికాదని కొట్టేసింది, ఇప్పుడు ఆరు నెలలకి స్టే దానంతటది పోదు. ఆర్డర్లోనే ఫలానా తేదీ వరకు అని ఉంటే మాత్రం ఆ తేదీతో పోతుంది. ఆ రోజు జడ్జి గారు సెలవు పెట్టినా, లాయర్ల బాయ్‌కాట్ అయినా, పొడిగించినట్టు డాకెట్‌లో, అంటే కేసు వాయిదాల రికార్డులో, రాసి ఉండాలి, లేకపోతే స్టే లేనట్టే. ఈకోర్ట్స్ వెబ్‌సైట్లో కేసు నంబరు కొట్టి చూసుకోవడం రెండు నిమిషాల పని. ఇన్ని వారాల్లో ఇంత కట్టాలి, లేదంటే స్టే రద్దు అని షరతుంటే, కట్టని రోజున అవతలివాడు కోర్టుకొచ్చి ఆ సంగతి చెప్తే చాలు, ఈపీ మళ్ళీ కదులుతుంది. అప్పీలే హాజరు కానందుకు కొట్టేస్తే దానితోపాటు స్టే కూడా వెళ్ళిపోతుంది.

స్టే దొరకనప్పుడు పక్కదారులు వెతికేవాళ్ళున్నారు, వాటి గురించీ చెప్పుకోవాలి. ఒకటి, అదే కోర్టులో డిక్రీదారు మీద కొత్త దావా వేసి ఆర్డర్ 21 రూల్ 29 కింద స్టే అడగడం. ఇది పనిచెయ్యాలంటే డిక్రీ అమలవుతున్న కోర్టు, కొత్త దావా ఉన్న కోర్టు ఒకటే కావాలని 1972లోనే సుప్రీంకోర్టు తేల్చేసింది, పైగా ఊరికే ఆలస్యం కోసం వేసిన దావాని కోర్టులు ఇట్టే పసిగడతాయి. రెండోది, మూడో మనిషిని దింపడం. స్వాధీనం రోజున బావమరిదో, కౌలుదారుడో వచ్చి "ఇది నాది" అని అడ్డం పడుకుంటాడు. ఆర్డర్ 21 రూల్ 97 నుంచి 101 దాకా ఉన్నవి ఇలాంటి అడ్డంకులు తేల్చడానికే, అమలు చేసే కోర్టే అన్నీ విని తేలుస్తుంది, వేరే దావా అక్కర్లేదు. నిజంగా స్వతంత్రమైన హక్కున్న మనిషికి ఇది గట్టి రక్షణ, అడ్డం పెట్టుకున్న మనిషికి మాత్రం కాదు. కేసు నడుస్తుండగా ఓడినవాడి దగ్గర కొన్నవాడికి రూల్ 102 ఆ అవకాశమే ఇవ్వదు.

మూడోది డెల్టాకే చెల్లిన పేచీ, హద్దులు. డిక్రీ షెడ్యూల్లో "తూర్పు: గోదావరి పాయ" అని ఉంటుంది. లంక భూమి. దావా వేసినప్పుడు పాయ అక్కడే ఉంది, పదేళ్ళలో వరదలకి కొంత కోసుకుపోయింది, ఇంకో పక్క మేట వేసింది. ఇప్పుడు డిక్రీలోని భూమి ఇది కాదు అని సెక్షన్ 47 కింద అభ్యంతరం. కొన్నిసార్లు ఇందులో నిజముంటుంది, అప్పుడు కోర్టు నియమించే కమిషనర్ని, మండల సర్వేయర్ని పంపి కొలిపించడం తప్పదు. చాలాసార్లు మాత్రం సర్వేయరు దొరకని రెండు నెలలూ, వరద తగ్గేదాకా ఇంకో రెండు నెలలూ, అంటే ఇంకో పంట, దీనికోసమే.

ఈ ఎత్తులన్నీ కొత్తవేం కాదు. మన దేశంలో దావాదారుడి కష్టాలు డిక్రీ చేతికొచ్చాకే మొదలవుతాయని ప్రివీ కౌన్సిల్ 1872లోనే వాపోయింది. 2021లో రాహుల్ షా కేసులో సుప్రీంకోర్టు ఈపీలు ఆరు నెలల్లో ముగించాలంది, ఆలస్యమైతే కారణం రాయాలంది. 2025లో అదే కోర్టు హైకోర్టుల నుంచి లెక్కలు తెప్పించుకుంటే దేశం మొత్తమ్మీద పెండింగ్ ఈపీలు 8.82 లక్షలని తేలింది. ఈ ఒత్తిడి వల్ల ఇప్పుడు కింది కోర్టుల్లో ఈపీ వాయిదాలు మునుపటంత ధారాళంగా దొరకవు, అంటే పైకోర్టు నుంచి సరైన స్టే లేనివాడికి పక్కదారుల మీద నెట్టుకురావడం మరింత కష్టం. మొదటి అప్పీలు కూడా పోయాక రెండో అప్పీలుకి హైకోర్టుకి వెళ్తే, అక్కడ చట్టానికి సంబంధించిన ముఖ్యమైన ప్రశ్న ఉందని చూపితేనే ముందుకెళ్తుంది, రెండు కోర్టులు ఒకే మాట చెప్పిన కేసులో స్టే కోసం ఇంకా గట్టి షరతులుంటాయి.

స్టే దొరక్క స్వాధీనం పోయినంత మాత్రాన అంతా అయిపోయినట్టు కాదు. అప్పీలు గెలిస్తే సెక్షన్ 144 కింద ఆస్తి తిరిగి ఇప్పించమనొచ్చు, మధ్యలో అవతలివాడు తిన్న ఫలసాయంతో సహా. డిక్రీదారుకి ఎదురయ్యే సమస్య ఇంకో రకం. స్టే ఎన్నేళ్ళు నడిస్తే అన్నేళ్ళు ఈపీ వేసుకునే 12 ఏళ్ళ గడువులోంచి మినహాయిస్తారు కాబట్టి ఆ భయం లేదు. కానీ ఫలసాయం సొమ్ము, కోర్టు భాషలో మెస్నే ప్రాఫిట్స్, డిక్రీ ద్వారా రాబట్టుకునేది స్వాధీనం దొరికేదాకా లేదా డిక్రీ తేదీ నుంచి మూడేళ్ళు, ఏది ముందైతే అంతవరకే. ఆర్డర్ 20 రూల్ 12లో ఉన్న ఈ మూడేళ్ళ గీత చాలామంది చూడరు. స్టే ఆర్డర్లో పంట సొమ్ము జమ చెయ్యాలన్న షరతు లేకపోతే, ఆ గీత దాటిన కాలపు దింపుల కోసం మళ్ళీ వేరే దావా వెయ్యాలి, దానికి కోర్టు ఫీజు వేరే. అందుకే స్టేని కొట్టేయించలేకపోయినా కనీసం ప్రతి పంటకీ జమ షరతు పెట్టించుకోవడం డిక్రీదారుకి సగం గెలుపు.

ఆ లెక్క తేల్చేటప్పుడు కమిషనర్ అడిగేది తోటలో ఎన్ని చెట్లు, దింపుకి ఎన్ని కాయలు, ఆ నెల ధర ఎంత అని. స్టే పట్టుకుని తోట తిన్నవాడు ఎప్పుడూ చెప్పే జవాబు ఒకటే, ఈ ఏడాది కాపు లేదండీ, తెల్లదోమ. నిజమే కావచ్చు. అవతలివాడు మాత్రం గట్టు మీద నిలబడి దింపు దింపుకీ తేదీ వేసి కాయలు లెక్కరాసుకున్న నోటుబుక్కో, ఆ రోజు వచ్చిన వ్యాను ఫోటోనో, కాయ కొన్న వ్యాపారి చీటీనో దాచి ఉంచుకుంటే, తెల్లదోమ ఏ నెలలో వచ్చిందో ఏ నెలలో రాలేదో అప్పుడు తేలుతుంది.